చావు కరవైన లోకము

మన యిండ్లలో పుట్టినరోజునాడు పిల్లవానికి తలంటి, క్రొత్తబట్ట కట్టి, పెద్దలు చదివి దీవించు చిరంజీవుల పట్టికలో మొట్టమొదటి పేరు అశ్వత్థామది. బలి, వ్యాసుడు, హనుమంతుడు, విభీషణుడు, కృపుడు, పరశురాముడు అను తక్కిన యార్గురును ఏదో యొక పుణ్యమునకు ఫలముగానో, ఏదో యొక లోకకార్యము కొరకో చిరాయువు నొందిరని యెంచవచ్చును గాని, ఆ మొదటివానికి మాత్రము చావులేమి వరము కాదు, శిక్ష. నిదురించుచున్న ఉపపాండవులను చంపి, ఉత్తర గర్భముపై అస్త్రమును మరల్చిన పాపమునకు, మూడువేల యేండ్లు చీమునెత్తురుల కంపుతో, పలుకరించు దిక్కు లేక, అడవులబట్టి తిరుగుమని సౌప్తికపర్వమున శ్రీకృష్ణుడు వానిని శపించినాడు. అట్టివాని పేరు ముందు పెట్టుకొని పసివానిని దీవించుటలోని ఔచిత్యమేమని మనలో ఎవ్వరును అడుగరు. అడుగవలసిన ప్రశ్న యొకటి యిందున్నదని నాకు తోపించినది ఏ పౌరాణికుడును కాడు. జపాను దేశమున పుట్టిన యొక వీడియో గేము.

2022 నుండి బాపట్ల జిల్లాలో చేరి, తెనాలికి అనతిదూరమున, కృష్ణ పశ్చిమ డెల్టా కాలువల నడుమ వరియు మినుమును పండించుకొనుచు బ్రదుకు అమృతలూరునందు, మా బంధువుల యింట ఇంజనీరింగు చదువు కుర్రవాడొకడు సెలవులకు వచ్చి, రెండుజాముల రాత్రివరకు తెర ముందర కూర్చుండి దీని నాడుచుండ జూచితిని. చేతి కత్తి తన మీసమంత లేనివాడొకడు ఇంటికప్పంత రాక్షసుని యెదుటికి పోవుట, క్షణములో నేలగూలుట, తెరపై చచ్చితివని ఎఱ్ఱని యక్షరములు పడుట, మరల లేచి పోవుట, ఇదియే పని. "మళ్ళీ పోయావురా?" యంటిని. "పోవడం కాదు తాతయ్యా, వాడు చెయ్యెత్తాక ఎంతసేపటికి దించుతాడో ఇప్పుడు తెలిసింది" అని వాడు తల త్రిప్పకయే చెప్పెను. ఆ మాటలో విచారము లేదు, రోషము లేదు. చావును గూర్చి ఇంత నిర్వికారముగా మాటలాడిన మనుష్యుని నేను వైరాగ్యశతకము చదువుకొన్నవారిలో సైతము చూడలేదు.

ఆ యాటల వంశవృక్షమును చెప్పవలసినంత మట్టుకు చెప్పెదను. టోక్యో నగరమందలి ఫ్రమ్‌సాఫ్ట్‌వేర్ అను సంస్థ 2009లో డీమన్స్ సోల్స్ అను నాటను వెలువరించినది. దానికి ఆత్మబంధువైన డార్క్ సోల్స్ 2011లోను, దాని రెండవ మూడవ భాగములు 2014, 2016 సంవత్సరములలోను వచ్చినవి. పేరు మారినను పోలిక చెడని సంతానముగా 2015లో బ్లడ్‌బోర్న్, 2019లో సెకిరో, 2022లో ఎల్డెన్ రింగ్ పుట్టినవి. ఈ కడపటిదానికి నైట్‌రైన్ అను నొక పిలక 2025లో మొలచినది. ఎల్డెన్ రింగ్ ఒక్కటియే 2024 జూను నాటికి రెండు కోట్ల యేబది లక్షల ప్రతులకు మించి అమ్ముడుపోయినదట. వీనిలో అధికభాగమునకు దర్శకుడైన హిదెతకా మియజాకి, బాల్యమున తన చదువునకు మించిన ఆంగ్లకథలను గ్రంథాలయమునుండి తెచ్చుకొని, తెలియని పుటలను తన యూహతో పూరించుకొనుచు చదివెడివాడనని చెప్పియున్నాడు. ఆయన యాటలలోని కథయు అట్లే సగము చెప్పబడి, సగము కత్తిపిడి మీది వ్రాతగా, శిథిలగోపురముగా, మౌనముగా మిగిలియుండును. పూరించుకొనవలసిన భారము ఆడువానిది. నేను పూరించుకొన్నది తెలుగువాని పూరణము. జపానువారు దీని నొప్పుకొనవలెనను నిర్బంధము లేదు.

డార్క్ సోల్స్ సృష్టికథ ప్రకారము ఆదియందు లోకము బూడిదవన్నె కలదై, మహావృక్షములతోను మృతిలేని సర్పాకార భూతములతోను నిండి, మార్పెఱుగక యుండెను. అప్పుడొక అగ్ని పుట్టినది. అగ్నితో ద్వంద్వము పుట్టినది: వేడియు చలియు, వెలుగును చీకటియు, బ్రదుకును చావును. ఋగ్వేదము పదవ మండలమునందలి నాసదీయసూక్తమును చదివిన వారికి మృత్యువును అమృతత్వమును రెండును లేని యాదిస్థితి క్రొత్త కాదు. చావు బ్రదుకునకు ప్రతిపక్షము కాక, దానికి కవలబిడ్డ యనుట మన ఋషులును ఆ కథకుడును కలిసికొన్న తావు. ఆ యగ్ని యొద్ద బలము సంపాదించిన గ్విన్ అను వెలుగురాజు ఆ పురాతన భూతములను గెలిచి దేవతారాజ్యమును నిలిపెను. కాని యే యగ్నికైనను కట్టెలు తరిగిపోవుట స్వభావము కదా. అది చల్లారుచుండగా చూచి యోర్వలేక ఆ రాజు తన్ను తానే సమిధగా చేసికొని అందులో దూకెను. అప్పటినుండి మనుష్యులకొక శాపచిహ్నము మేనిపై పుట్టసాగినది. దానిని మోయువారు చావరు, చచ్చినను లేతురు, లేచిన కొలది లోపలి మనిషి కొంత కొంతగా తరిగిపోయి, కడపట పేరును పనియు మఱచి, ఎదురుపడిన వానిపై కత్తి దూయుట తప్ప వేరెఱుగని డొల్లలై మిగులుదురు. మన అశ్వత్థామ ఆ లోకమున ఒక్కడు కాడు, ఊరూరను ఉన్నాడు.

ఇచ్చట ఆటయొక్క కీలు ఒకటి చెప్పనిదే ముందునకు పోవుటకు వీలులేదు. చంపిన ప్రతి శత్రువునుండియు వీరునికి కొంత సారము లభించును; దానిని 'సోల్స్' అందురు; శక్తి కొనుటకును సరకు కొనుటకును అదియే నాణెము. వీరుడు చచ్చినప్పుడు ఆ సంపాదన యంతయు చచ్చినచోట నెత్తుటిమరకగా పడియుండును. మరల అంతదూరము పోయి దానిని ముట్టినచో దక్కును. దారిలో ఇంకొకసారి చచ్చినచో శాశ్వతముగా పోవును. నడుమ సేదతీరుటకు చలిమంటలున్నవి. అచ్చట కూర్చున్నచో గాయములు మానును, కాని చంపిన శత్రువులలో పెక్కుమంది తిరిగి లేతురు. ఈ యేర్పాటులో మన కర్మసిద్ధాంతమునకు ఒక పోలికయు ఒక తేడాయు కలవు. చేసినది పోదు, చేసినచోటనే మనకొరకు కాచుకొనియుండును అనుట పోలిక. తేడా యేమనగా, మన జీవుడు పూర్వజన్మమును మఱచి పుట్టును. ఈ వీరుడు మఱచుచున్నను, వానిని నడుపు కుర్రవాడు మఱవడు. కావున దీనిని పునర్జన్మ మనుట కంటె అభ్యాస మనుట యుక్తము. మఱపు లేని పుట్టుక పుట్టుక కాదు, సాధన.

అయినచో ఆ కుర్రవాడెవడు? ముండకోపనిషత్తు చెప్పిన రెండు పక్షులలో పండు తినక చూచుచుండు పక్షి యందుమా? నేను మొదట అట్లే తలచితిని. వేదాంత పరిచయము కొంచెముగా నున్నవారికి ఇట్టి పోలికలు సులభముగా దొరకును. కాని వాని అరచేతులు చెమర్చుట, పోగొట్టుకొన్న సంపాదన కొరకు ఆత్రపడి పరుగెత్తి మధ్యదారిలో మరల చచ్చుట చూచిన పిమ్మట, వాడును తిను పక్షియే యని తెలిసినది. ఈ యాటలో ఆరితేరినవారందరు ఒక్క మాట చెప్పుదురు: పోయినది పోయెననుకొని నెమ్మదిగా నడచువానికే అది దక్కును. అభ్యాసముతోపాటు వైరాగ్యమును జతచేసి గీత యేల చెప్పినదో వ్యాఖ్యానము లేకయే వారికి చేతివ్రేళ్ళ మీద తెలియును.

మరియొక చిత్రము. ఆడువాడు ఒంటరిగానే నడచును గాని, ఎచ్చటెచ్చటనో ఉన్న యితరులు తమ లోకములలో చచ్చిన నెత్తుటిమరకలు వీని లోకమునను కనబడును. ముట్టినచో ఆ అపరిచితుని కడపటి క్షణములు నీడవలె ఆడి మాయమగును. ఇక్కడ గోతి యున్నదని, ఇక్కడ దొంగదెబ్బ యున్నదని, చచ్చినవాడు బ్రదికియున్నవానికి చెప్పుట యది. పల్నాటి నేలపై పడిన వీరుని రూపమును చెక్కి నిలిపిన వీరగల్లులను చూచినవాడు దీనిని వింతగా చూడడు. మంచు పడిన యేటవాలు దారిలో కార్లు జారుచుండగా, వెనుకనున్నవారు ముందువారి కార్లను త్రోసి గట్టెక్కించి, పేరైనను చెప్పుకొనక విడిపోయిన సంఘటననుండి, ఆటలో ఒకరికొకరు తోడువచ్చు పద్ధతి తనకు తోచినదని మియజాకి చెప్పినాడు.

అసలు ప్రశ్నకు వత్తును. చావులేని ఆ లోకములో డొల్లగా మారనివాడెవడు? పని యున్నవాడు. ఏదో యొక గమ్యమును పట్టుకొని ప్రాకులాడినన్నాళ్ళు మనిషి మనిషిగా నుండును. ఆశ చెడిననాడు వాడు గోడవార కూలబడి డొల్ల యగును. ఇంతవరకు ఇది ధైర్యము చెప్పు బోధ. కాని అదే కథ, ఆ గమ్యముల కన్నిటికిని మొదలు గమ్యమైన అగ్నిరక్షణము ఒక మోసమని కూడ సూచించును. చల్లారవలసిన నిప్పును ఆరనీయక, ఒకని తరువాత ఒక వీరుని సమిధగా పడవేయుచు, యుగమును బలవంతముగా సాగదీయుట చేతనే చావు కరవై శాపము పుట్టినదని ఆడువానికి మెల్లమెల్లగా అనుమానము కలుగును. మనిషిని డొల్ల కానీయక నిలుపు కోరికయే లోకమును డొల్ల చేయుచున్న నిప్పునకు కట్టె యగుచున్నది. ఈ ముడి యెట్లు వీడును?

దీనికి నాకు తోచిన జవాబు దగ్గరలోనే కలదు: అమృతలూరునుండి అనతిదూరమున భట్టిప్రోలు స్తూపమున్నది. 1892లో అలెగ్జాండర్ రే త్రవ్వినపుడు అచ్చట శాసనములు చెక్కిన రాతి మంజూషలును, లోపల స్ఫటికపు భరిణెయు, అందు అస్థిశకలములును బయల్పడినవి. కుబేరకుడను రాజు పేరును ఆ యక్షరములలో కనబడినది. మంట ఆరిన తరువాత మిగిలినదానిని ఇంత భక్తితో దాచుకొన్న నేల ఇది. ఆ అస్థులు ఎవరివని నమ్మబడినవో ఆ బుద్ధుడు, గయాశీర్షమున, అంతకుముందు అగ్నిహోత్రములు వేల్చి జీవించిన వేయిమంది జటిలుల నెదుట కూర్చుండబెట్టి, కన్ను మండుచున్నది, చూడబడునది మండుచున్నది, రాగద్వేషమోహములే ఆ మంటలని బోధించెనని పిటకములు చెప్పుచున్నవి. నిప్పును కాపాడుటయే ధర్మమని బ్రదికినవారికే నిప్పు ఆరుటలో మేలున్నదని చెప్పుట ఎంత సాహసము! డార్క్ సోల్స్ కడపట ఆడువానికి ఇచ్చు ఎంపికయు అదియే: సమిధ కమ్ము, లేదా వెనుదిరిగి పొమ్ము. మూడవ భాగమున అగ్నిని కాచు స్త్రీయే తన చేతులతో ఆ కడపటి నిప్పును ఆర్పగల ముగింపు ఒకటి యున్నది. నా మట్టుకు అదియే ఆ కథకు తగిన ముగింపు. అయితే ఆర్పుమను సలహా అనుభవించి విసిగిన వానికి చెల్లునుగాని, ఇరువది యేండ్ల కుర్రవాడు సమిధనగుదునని ముందునకు దూకినచో వానిని తప్పుపట్టుటకు నాకు నోరాడదు. శుక్రాచార్యుని శాపమున ముసలితనము పొంది, కొడుకు పూరుని యౌవనమును వేయేండ్లు ఎరవు తెచ్చుకొన్న పిమ్మట గాని యయాతికే జ్ఞానోదయము కాలేదు కదా.

యయాతి ప్రసక్తి వచ్చినది గనుక సెకిరో మాట చెప్పవలెను. అందు వీరుడు చచ్చి లేచిన కొలది, వానితో పరిచయమున్న అమాయకులు ఒక వింత దగ్గు రోగముతో పడకనెక్కుదురు. వాని ప్రాణము ఊరక రాలేదు. ఇతరుల ప్రాణమునుండి పిండబడినది. పూరుడు ఇష్టపడి యిచ్చెను. వీరిని అడిగినవాడును లేడు. చావకుండుట ఒకని సొంత వ్యవహారము కాదు, పక్కవాని లెక్కలో వ్రాయబడు అప్పు అని ఇంత సూటిగా చెప్పిన కథను నేను వేరొకదానిని ఎఱుగను. ఆ కథలో అమరత్వమునకు వారసుడైన బాలుడే దానిని తెంచివేయుమని వేడుకొనును.

ఎల్డెన్ రింగ్ నందు ఈ భావము పురాణమంత పెద్దదైనది. మరికా యను నిత్యరాణి, లోకనియమమునుండి మృత్యువను శకలమును ఊడదీసి, మలికెత్ అను తన మృగరూపుడైన సేవకుని కప్పగించెను. వాడు దానిని తన నల్లని కత్తియందు బంధించి, ఆ కత్తిని తన మేనిలోనే దాచుకొని, ఎవరైనను దొంగిలింతురేమోయని దిగులుతో కుమిలిపోవుచుండును. చావు లేనందున రాజ్యము సుఖపడలేదు: దేవతాసంతతివారు తెగక సాగక ఒకరినొకరు చీల్చుకొనిరి, మహావృక్షము క్రింద ఏదియు పూర్తి కాలేదు, ఏదియు పుట్టలేదు. కావున ఆ కథానాయకుడు చేయవలసిన మహాకార్యము లోకమునకు అమృతము తెచ్చుట కాదు, చావును తిరిగి తెచ్చుట. దేవాసురులు పాలకడలిని చిలికిన కథ వినుచు పెరిగిన చెవికి ఇది తలక్రిందుగా వినిపించును.

కాని మనకును ఆ రెండవ కథ యున్నది. మనము దానిని తక్కువగా చెప్పుకొందుము. ద్రోణపర్వమున అభిమన్యుడు పడిన రాత్రి ధర్మరాజు దుఃఖము చూచి వ్యాసుడు వచ్చి చెప్పిన కథ యది. ప్రజలు పుట్టుటయే గాని గిట్టుట లేక భూమి క్రుంగిపోవుచుండగా, దారి తోచని బ్రహ్మకు కోపము పుట్టి, ఆ కోపాగ్ని లోకములను కాల్చసాగినది. స్థాణువు వేడగా బ్రహ్మ ఆ యగ్నిని తనలోనికి ఉపసంహరించుకొనుచుండ, ఆయన యింద్రియద్వారములనుండి ఒక స్త్రీ వెలువడెను. ఆమెయే మృత్యువు. ప్రాణులను సంహరింపుమని బ్రహ్మ ఆజ్ఞాపించెను. ఆమె యేడ్చెను. బిడ్డలను, తలిదండ్రులను, అన్నదమ్ములను విడదీయు ఈ పాపపుపని నా చేత చేయింపకుమని వేడి, యుగములకొలది ఒంటికాలిపై తపస్సు చేసెను. ఆ కన్నీటిని బ్రహ్మ తన దోసిట పట్టియుంచెను. ఆ బిందువులే వ్యాధులై ప్రాణులను హరించునుగాని నీకు అధర్మ మంటదని చెప్పి తుదకు ఒప్పించెను. చావు అవసరమని చెప్పుట సులభము, తర్కమునకు అంతమాత్రము చాలును. ఆ యవసరమును నెరవేర్పవలసినది ఏడ్చెనని చెప్పుటకు వ్యాసుడు కావలసెను. మలికెత్ దిగులునందు ఆ కన్నీటి చెమ్మ కొంచెము నాకు కనబడినది.

దేవతలను ఇట్లు నిలదీయుట మన ప్రాంతమునకు పరాయిది కాదని ఒక ఉపకథగా చెప్పవలసియున్నది. త్రిపురనేని రామస్వామి చౌదరి (1887–1943) తెనాలిలో సూతాశ్రమమున కూర్చుండి, శంబుకవధ యనియు, సూతపురాణమనియు, ఓడినవారి వైపునుండి పురాణములను తిరుగవ్రాసెను. 2017లో హైదరాబాదునందలి ఓగర్ హెడ్ స్టూడియో వారు 'అసుర' అను నాటను వెలువరించిరి. అందు ఆడువాడు అసురుడై దేవతలపై పగ తీర్చుకొనును. చచ్చి మొదలుపెట్టిన ప్రతిసారి వాని విద్యల వృక్షము క్రొత్తకొమ్మలు తొడుగును. అది చిన్నయాట, జపాను ఆటల గాంభీర్యము దానికి లేదు. కాని దేవతల పక్షమునే అమృతమున్నదని పురాణము చెప్పినప్పుడు, మృతసంజీవని శుక్రుని యొద్దనే యుండెనని గుర్తుచేయు తెలుగునేలపు పెంకితనము అందులో నున్నది.

ఈ విచారమంతటికిని నా మనస్సులో ఒక యాక్షేపణ మిగిలియున్నది. చావు లోకమునకు మేలని, నిప్పు ఆరుట శాంతియని ఎన్ని చెప్పినను, చెప్పబడినది పదునారేండ్ల కొడుకును పోగొట్టుకొన్న యింటిలో. ధర్మరాజు మృత్యుదేవత కథతో ఊరడిల్లలేదు. పిమ్మట పదునార్గురు రాజుల కథలును వినవలసి వచ్చినది. ఆ కథలు మొదట సృంజయుడను రాజునకు, అతని కొడుకు సువర్ణష్ఠీవి చచ్చినప్పుడు నారదుడు చెప్పినవి. విని శాంతించిన సృంజయునకు నారదుడు కొడుకును బ్రదికించి యిచ్చెను. అది వినిన ధర్మరాజునకు మా అభిమన్యునో అను ప్రశ్న పుట్టకుండునా? వ్యాసుడు దానికి ముందే సమాధానము చెప్పినాడు: ఆ బాలుడు కృతార్థుడు కాకయే, యజ్ఞము చేయక, యుద్ధమున నిలువక, భయముతో చచ్చెను, కావున తిరిగి వచ్చెను, అభిమన్యుడు శత్రువుల నెదుట నిలిచి, చేయవలసినది చేసి పోయెను, వాడు రాడు.

ఈ లెక్కను ఆ యాటలకు పెట్టి చూచితిని, సరిపోవుచున్నది. చలిమంట యొద్ద లేచువాడు ఎప్పుడును కృతార్థుడు కానివాడే. పని తీరని వానికే మరల లేచు హక్కు. బ్లడ్‌బోర్న్ నందు ఒక ముగింపున వేటగాడు తలయొగ్గి చావు నంగీకరింపగానే కల చెదరి తెల్లవారును. అది కృతార్థుని చావు. అయినను ఈ యాటలలో పెక్కింటికి చివర ఒక మెలిక పెట్టినారు. అంతయు ముగిసిన తరువాత, సంపాదించినది చేతబట్టుకొని, మునుపటికంటె బలవంతులైన శత్రువుల నడుమ మొదటినుండి ప్రయాణము తిరిగి సాగింతువా యని ఆట అడుగును. వ్యాసుడు అభిమన్యుని అడుగలేదు, ధర్మరాజునును అడుగలేదు. అమృతలూరు కుర్రవాడు ఎల్డెన్ రింగ్ మూడవ ప్రయాణములో నున్నాడు, ఈమారు చావును మునుపటికంటె త్వరగా విడిపించవలెనని వాని పంతము.